అద్దంలో పరుగెత్తిన మనిషి

స్టేషను, పై అంతస్తులో నా గది
జూన్ మొదటి వారం

వదినగారికి,

మీ టోపీ మరదలు రాస్తున్నది. ఈ ఊళ్ళో ఇన్‌స్పెక్టరుగా చేరి నాలుగు నెలలైంది. గదికి రెండు కిటికీలున్నాయి. ఒకటి తెరుచుకోదు, ఇంకోటి మూసుకోదు. మీ తమ్ముడు ప్రతి ఆదివారం బస్సెక్కి వచ్చి, నా కుర్చీలో నిద్రపోయి, సాయంత్రం బస్సుకి వెళ్ళిపోతున్నారు. దీన్ని కాపురం అనొచ్చో లేదో మీ పత్రికలో చర్చ పెట్టండి.

పని పడి రాస్తున్నాను. పైనుంచి ఆర్డరొచ్చింది. కొట్లాటలు, హత్యలు, పోలీసులు, దర్యాప్తు, వీటి గురించి జనం మామూలుగా అడిగే ప్రశ్నలకు జవాబులతో చిన్న పుస్తకం వేయాలట. అది నా నెత్తిన పడింది. మా రైటరు ఇరవై ప్రశ్నలు రాసిచ్చాడు. మొదటిది: "పోలీసులు ప్రజలకు చేయుచున్న సేవలు ఎట్టివి?" ఈ ప్రశ్న భూమ్మీద ఎవరైనా అడిగారా వదినా? జనం నిజంగా అడిగేవి మీరు రాసివ్వండి. అచ్చు కూడా మీ ప్రెస్సులోనే.

ఫోన్ చేద్దామంటే మీరు ఫోన్లో మాట్లాడరు, ఉపన్యాసం ఇస్తారు. మధ్యలో నాకు కేసు తగులుతుంది. కాగితమైతే మీ తిట్లు దాచుకుని తీరిగ్గా చదువుకుంటాను.

కొంచెం కోపం తగ్గించి రాయండి. తగ్గదని తెలుసు. అడగడం నా ధర్మం.

మీ మరదలు


ప్రెస్సు, అక్షరాల బల్ల ముందు
జూన్ మూడో వారం

టోపీ మరదలికి,

కోపం తగ్గించాలా? ముప్ఫై ఏళ్ళుగా ఈ బల్ల ముందు కూర్చుని సీసపు అక్షరాలు తిరగేసి పేరుస్తున్నాను. వారం వారం నాలుగు పేజీల పత్రిక వస్తోందంటే నా కోపం మీదే వస్తోంది. అది తగ్గితే మిగిలేది పెళ్ళి కార్డులే.

ప్రశ్నలు రాసుకో. ఫోన్ చేస్తే ఎంతసేపటికి వస్తారు? పెద్దింటి కుక్క తప్పిపోయినా అంతసేపేనా? చూసింది చెబుదామని మా అంతట మేం వస్తే పొద్దుటినుంచి సాయంత్రం దాకా బెంచీ మీద ఎందుకు కూర్చోబెడతారు? నేరం జరగ్గానే ఇల్లూ వాకిలీ లేనివాడి కాలరే మీ చేతికి ముందు ఎందుకు అందుతుంది? పోలీసుల్లో చుట్టాలున్నవాడికి ఒక దర్యాప్తు, లేనివాడికి ఇంకో దర్యాప్తా?

ఇంకోటి. నాకు దెబ్బ ఎవరి చేతిలో తగిలే అవకాశం ఎక్కువ? దీనికి జవాబు నీ దయ అక్కర్లేకుండా నేనే రాస్తున్నాను. తెలిసినవాళ్ళ చేతిలో! మనం బెదిరేది సందు చివర నిలబడ్డ కొత్తమనిషిని చూసి, మన నెత్తి పగలగొట్టేది మనతో కూర్చుని టీ తాగినవాడు. ఈ ముక్క నా దగ్గరున్న అన్నిటికన్నా పెద్ద అక్షరాల్లో వేస్తాను. మీ పైవాళ్ళు వద్దంటే పుస్తకం వాళ్ళనే చేత్తో రాసుకోమను.

పక్క కొట్టు దర్జీ ఇవన్నీ విని, "ఈ పుస్తకం చదివి పోలీసులు మారతారంటారా అమ్మా?" అన్నాడు. "నువ్వు కొలతలు తీసుకున్నాక జనం సన్నబడతారా? అయినా తీసుకుంటావుగా" అన్నాను. మంగళవారాల్లో కత్తులకు సాన పట్టే బండి ఒకటి వస్తుంది మా వీధికి. చక్రం చప్పుడుని బట్టి అతనికి గరగర అని పేరు పడింది. నా కాగితాలు కోసే కత్తి, దర్జీ కత్తెరలు అతని చేతిలోనే పదునెక్కుతాయి. అతన్నీ అడిగాను, నీ ప్రశ్న ఏంటయ్యా అని. "ఏ ఊరు అని అడుగుతారమ్మా నన్ను. బండి ఆగిన ఊరు అంటే వెటకారం అంటారు. మరేం చెప్పాలో ఆ పుస్తకంలో వేయించండి" అన్నాడు.

వేస్తాను. జవాబు నువ్వు రాయి.

మీ వదిన


స్టేషను, అదే గది
జూన్ ఆఖరు

వదినగారికి,

మీ ప్రశ్నలు స్టేషన్లో అందరికీ చదివి వినిపించాను. కుక్క దగ్గరకొచ్చేసరికి మా డ్రైవరు బయటికి వెళ్ళిపోయాడు. పోయిన నెల ఆ కుక్కని వెతికింది అతనే.

ఎంతసేపటికి వస్తారంటే, నాకున్నది ఒక్క జీపు, ఊరి రెండు కొసలకీ మధ్య ఇరవై నిమిషాలు. ఇది సాకు కాదు, లెక్క. మీ వైపు నుంచి మీరు చేయాల్సింది ఒకటుంది. ఫోన్ ఎత్తగానే ముందు ఎక్కడో చెప్పాలి. తర్వాత ఎవరికి దెబ్బ తగిలిందో, కొట్టినవాడు ఇంకా అక్కడే ఉన్నాడో చెప్పాలి. ప్రభుత్వం గురించి మీ అభిప్రాయం ఆఖర్న చెప్పొచ్చు, వింటాం.

చూసిన సాక్షి గురించి కూడా రాశాను. కళ్ళు అబద్ధం చెప్పవు, కానీ తొందరపడతాయి. ఎక్కడ నిలబడి చూశారు, ఎంత దూరం, అడ్డం ఏముంది, ఇవి అప్పటికప్పుడు కాగితం మీద పెట్టుకుంటే మంచిది. బాగుందా?

గరగర ప్రశ్నకి జవాబు మాత్రం మూడుసార్లు రాసి చింపాను. ఏం రాసినా సిగ్గేస్తోంది.

మీ మరదలు


ప్రెస్సు
జూలై రెండో వారం

మరదలికి,

ఘోరం జరిగింది. మంగళవారం మధ్యాహ్నం మూడింటికి దర్జీ కొట్టులోంచి ఒక్క కేక. వెళ్ళి చూస్తే కొలతల బల్ల కింద పడి ఉన్నాడు, తల పగిలి, దవడ విరిగి. ఆస్పత్రిలో చేర్చాం. బతికాడు. దవడకి కట్టు కట్టారు, మాట్లాడలేడు. ఎవరు కొట్టారంటే చూడలేదని చేత్తో సైగ చేశాడట.

మీవాళ్ళకి ఫోన్ చేసింది నేనే. ముప్ఫై ఐదు నిమిషాలకొచ్చారు, మహారాజుల్లా! ఎత్తినవాణ్ణి ముందు నాలుగు కడిగాకే అడ్రసు చెప్పాను, నిజమే, అయినా ముప్ఫై ఐదు నిమిషాలా?

సాయంత్రానికి ఒకణ్ణి పట్టుకున్నారు.

పుస్తకానికి కాగితం కొంచెం దళసరిది వాడదామా?

మీ వదిన


స్టేషను
జూలై మూడో వారం

వదినగారికి,

వీధిలో నేరం జరిగితే మీ దగ్గర్నుంచి ఎనిమిది పేజీలు రావాలి. అర పేజీ వచ్చింది. పట్టుకున్నది ఎవర్నో రాయలేదు. మనిషి ఏది దాటేస్తే అసలు సంగతి అక్కడే ఉంటుందని నా ఉద్యోగం నేర్పింది.

ఆదివారం మీ తమ్ముణ్ణి అడిగాను. డ్రాయింగు మాస్టారు కదా, మూడు టీలదాకా ఎటో చూస్తూ గోడ మీద గీతలు గీస్తూ కూర్చున్నారు. నాలుగో టీకి చెప్పారు. పట్టుకున్నది గరగరనట. చేతిలో దర్జీ కత్తెర, బట్టల మీద రక్తం. కేక విని సాయానికి వెళ్ళానని, తన తువ్వాలుతో తల కట్టానని, జనం తననే చూపించి అరుస్తుంటే బెదిరి వెనక సందులోంచి పోయానని అతనంటున్నాడట. కేక వినబడగానే కొట్టు దగ్గర్నుంచి బస్టాండు వైపు పారిపోవడం కళ్ళారా చూశానని ఒక సాక్షి చెప్పిందట. ఆ సాక్షి మీరట.

మీ మీద నాకు అనుమానం లేదు. ఒక్కటి అడుగుతాను. ప్రెస్సుకి వచ్చినప్పుడల్లా నాకు ముందు కనిపించేది మీ వీపే. వీధికి వీపు పెట్టి కూర్చుంటారు. తల తిప్పకుండానే, "రావే మరదలా, చెప్పులు తుడుచుకో" అంటారు, బల్ల మీది అద్దంలో చూసి.

ఆ మంగళవారం తల తిప్పారా?

మీ మరదలు


ప్రెస్సు
జూలై, శుక్రవారం

ఇన్‌స్పెక్టరమ్మగారికి,

నన్నే విచారిస్తున్నావా? పేదవాడి మీద ఈగ వాలితే ముప్ఫై ఏళ్ళుగా పత్రిక వేసి అరుస్తున్నది ఎవరు? గరగర మీద నాకేం పగ? నాకూ ఏడుపొచ్చింది. అయినా చూసింది చెప్పాను. మనవాడని దాచితే నాకూ, ఆ పెద్దింటి కుక్కగల వాళ్ళకీ తేడా ఏంటి? కుడివైపుకి పరుగెత్తాడు. కుడివైపు బస్టాండు. అంతే.

అద్దమట! ఆ అద్దంలో ముప్ఫై ఏళ్ళుగా చూస్తున్నాను. తిరగేసిన అక్షరం నాకు తిన్నగా ఉన్నదానికన్నా తేలిగ్గా చదవొస్తుంది. నీకు తెలుసా ఆ సంగతి?

వదిన


ప్రెస్సు
ఆదివారం

మరదలా,

శుక్రవారం ఉత్తరం చింపెయ్యి. లేదా దాచు. నా సమాధి మీద చెక్కించు.

పోస్టులో వేసి వస్తుంటే ఆఖరి ముక్క నాకే గుచ్చుకుంది. తిరగేసింది నాకు తిన్నగా కనిపిస్తుందని రాశాను. అదే కదా నువ్వు అడిగింది!

ఈరోజు నీ మొగుణ్ణి బస్సెక్కనివ్వలేదు, అందుకే నీ దగ్గరికి రాలేదు. చేతికి కత్తెర బదులు స్కేలిచ్చి వీధిలో పరుగెత్తించాను. నేను బల్ల ముందు వీధికి వీపు పెట్టి కూర్చున్నాను. గుమ్మంలో వీధివైపు తిరిగి నిలబడితే దర్జీ కొట్టు నా ఎడమచేతి వైపు, బస్టాండు కుడిచేతి వైపు. సరేనా? వాణ్ణి బస్టాండు వైపు నుంచి దర్జీ కొట్టుకి పరుగెత్తమన్నాను. అద్దంలో వాడు కుడివైపుకి పోయాడు! మళ్ళీ పరుగెత్తమన్నాను. మళ్ళీ కుడివైపే. ఐదుసార్లు. వీధిలో జనం పోగయ్యి చప్పట్లు కొట్టారు. "అక్కయ్యా, ఇక నా వల్ల కాదు, నేను బొమ్మలు గీసేవాణ్ణి" అని అరుగు మీద కూలబడ్డాడు.

ఆ రోజు నేను తల తిప్పలేదు. పోలీసు వచ్చి నన్ను గుమ్మంలో నిలబెట్టి, ఎటు పరుగెత్తాడమ్మా అంటే, అద్దంలో చూసిన కుడివైపునే గుమ్మంలో కుడిచెయ్యి చాపి చూపించాను. గరగర దర్జీ కొట్టులోంచి రాలేదు. కేక అయిపోయాక బస్టాండు వైపు నుంచి కొట్టుకే పరుగెత్తుతున్నాడు. సానపడుతున్న కత్తెర కింద పెట్టడం కూడా మర్చిపోయి.

ఇంకోటుంది. ఇది నీకు తప్ప ఎవరికీ చెప్పలేను. నేను తల ఎందుకు తిప్పలేదంటావు? అద్దంలో కత్తెర పట్టుకున్న గరగరని చూడగానే కథ మొత్తం నాకు తెలిసిపోయినట్టనిపించింది. అదే మా వీధి డాక్టరు పరుగెత్తి ఉంటే, లేచి గుమ్మంలోకొచ్చి, ఏమైందండీ అని అడిగేదాన్ని. నీ పుస్తకంలో అన్నిటికన్నా పెద్ద అక్షరాలు నేనే పేర్చాను, నేనే చదవలేదు.

అతను లోపల పడి ఇరవై రోజులు. మా ఊరి స్టేషను ఆఫీసరు నీ తోటివాడే కదా. ఒక్క ఫోన్ కొట్టు. రేపటికల్లా వదిలేస్తాడు. నీకు దండం పెడతాను.

మీ వదిన


స్టేషను
మంగళవారం, ఉత్తరం అందిన గంటకి

వదినగారికి,

కొట్టను.

పోలీసుల్లో చుట్టాలున్నవాడికి ఒక దర్యాప్తు, లేనివాడికి ఇంకోటా అని అడిగింది మీరే. పేజీ పన్నెండు. దానికి నా జవాబు ఇదే. నేను ఫోన్ చేసి బయటికి తెస్తే, రేపు ఇంకెవరో ఫోన్ చేసి మళ్ళీ లోపల వేస్తారు. మీరు వెళ్ళి మీ మాట మీరే సరిచేస్తే ఆ కాగితాన్ని ఎవరూ చెరపలేరు.

భయపడకండి. తెలిసి అబద్ధం చెప్పడం నేరం. పొరపాటు పడి, తెలిశాక దిద్దుకోవడం నేరం కాదు. అద్దం ఉన్న చోటు, మీరు కూర్చున్న చోటు, వీధి, అన్నీ కలిపి మీ తమ్ముడితో బొమ్మ గీయించి తీసుకెళ్ళండి. ఆఫీసరుని ప్రెస్సుకి రమ్మని, మీ కుర్చీలో కూర్చోబెట్టండి. దర్జీకి తగిలిన దెబ్బ కత్తెరదా, బరువైన వస్తువుదా, డాక్టరు ఏం రాశాడో చూడమని అడగండి. అడగడం మీ హక్కు. అరవడం మీ అలవాటు. ఆ రోజు మొదటిది చాలు.

నేను మిమ్మల్ని తప్పు పట్టట్లేదు వదినా. నా సర్వీసులో తప్పు సాక్ష్యాలు చాలా చూశాను. చెప్పినవాళ్ళు అద్దం ముందు కూర్చుని మళ్ళీ సరిచూసుకోవడం ఇదే మొదటిసారి.

మీ మరదలు

తా.క. మా ఆయన కాళ్ళు ఎలా ఉన్నాయి?


మా ఊరి స్టేషను, బెంచీ మీద
శుక్రవారం

మరదలా,

ఒళ్ళో ప్యాడు పెట్టుకుని రాస్తున్నాను. తొమ్మిదింటికొచ్చాను, ఇప్పుడు రెండు దాటింది. ఈ బెంచీకి ఎడమవైపు ఒక మేకు పొడుచుకొచ్చింది. ఆ మేకు గురించి పుస్తకంలో ప్రత్యేకంగా ఒక ప్రశ్న వేస్తున్నాను.

"సాక్ష్యం ఇవ్వడానికా?" అన్నాడు కానిస్టేబులు. "వెనక్కి తీసుకోవడానికి" అన్నాను. "అమ్మా, ఇవ్వడానికొచ్చినవాళ్ళనే కూర్చోబెడతాం, తీసుకోవడానికైతే మరీ ఆలస్యమవుతుంది" అన్నాడు. నవ్వొచ్చింది. అరవలేదు. రాసి పెట్టుకో.

సాయంత్రం ఇంటికొచ్చి మిగతాది రాస్తున్నాను. రెండున్నరకి పిలుపు వచ్చింది. ఆఫీసరు కేసు పూర్తయిందన్నాడు. కథ కుదిరాక ఎవడికీ ఇంకో పేజీ తిప్పాలని ఉండదు కదా, నాకుందా? "నా కుర్చీలో ఒక్క నిమిషం కూర్చోండి బాబూ, తర్వాత నన్నే లోపల వేయండి" అన్నాను. వచ్చాడు! బల్ల ముందు కూర్చున్నాడు. మీ ఆయన మళ్ళీ పరుగెత్తాడు, కాళ్ళకి నూనె రాసుకుని మరీ. ఆఫీసరు అద్దంలో చూశాడు, తల తిప్పి చూశాడు, మళ్ళీ అద్దంలో చూశాడు. టోపీ తీసి బల్ల మీద పెట్టాడు. డాక్టరు కాగితం తెప్పించి అక్కడే చదివాడు. గాయం మొద్దు వస్తువుతో అయిందని మొదటి వరసలోనే ఉంది. "ఆస్పత్రికి పోదాం" అని లేచాడు.

మిగతాది రేపు.

మీ వదిన


స్టేషను
ఆగస్టు మొదటి వారం

వదినగారికి,

రేపు అని ఆరు రోజులైంది! మీ తమ్ముడు కాళ్ళు పట్టేశాయని ఈ ఆదివారమూ రాలేదు. ఇక్కడ రైటరు, డ్రైవరు, నేను పోస్టు కోసం గేటు దగ్గర నిలబడుతున్నాం. "అద్దం కేసు ఏమైంది మేడమ్?" అని కుక్క డ్రైవరు రోజూ అడుగుతున్నాడు.

పుస్తకానికి ఆఖరి ప్రశ్న నేను రాశాను. "నేను చెప్పిన సాక్ష్యం తప్పని తర్వాత తెలిస్తే?" జవాబు: "వెంటనే వెళ్ళి చెప్పండి. మాకు తెలిసిన ఒకామె వెళ్ళింది." ఉంచమంటారా, తీసెయ్యమంటారా? ఇది మీ ఇష్టం.

మీ మరదలు


ప్రెస్సు, వీధివైపు తిరిగి కూర్చుని
ఆగస్టు రెండో వారం

నా టోపీ మరదలికి,

ఉంచు. కింద నా ప్రెస్సు అడ్రసు కూడా వెయ్యి.

ఆఫీసరు ఆస్పత్రిలో దర్జీ మంచం పక్కన కూర్చుని, "గరగర కొట్టలేదని మాకు తెలిసింది. నీకు ముందునుంచీ తెలుసు కదూ?" అన్నాడు. దర్జీ కళ్ళలో నీళ్ళు. దవడ కట్టు, మాట లేదు. పక్కనున్న కూతురే లేచింది. "మా మామగారు" అంది. "నాకొక్కదానికే రాసి చూపించాడు. నేను ఆ ఇంట్లో బతకాలని నాన్న నోరు మూసుకున్నాడు. ఒకాయన లోపల ఉంటే నాకు ముద్ద దిగట్లేదు. నేను చెబుతాను, రాసుకోండి" అంది. అదీ ఆడపిల్లంటే!

కొట్టింది వియ్యంకుడు! కొత్త కోటుకి కొలతలిద్దామని వచ్చాడు. మన దర్జీ నోరు ఊరుకుంటుందా? "బావగారూ, మీ నడుముకి ఒక టేపు చాలదు, ఇంకోటి అతికిస్తాను ఉండండి" అన్నాడట. ఆయన చేతికి ఇస్త్రీ పెట్టె దొరికింది. అది చల్లారి ఉంది కాబట్టి ప్రాణం నిలిచింది. కొట్టి, వెనక తలుపులోంచి వెళ్ళి, మూడు వారాలు పళ్ళు పట్టుకుని ఆస్పత్రికొచ్చి పరామర్శించాడు మరదలా, దర్జీ తల నిమిరి! తెలిసినవాడు, టీ తాగినవాడు. నా పెద్ద అక్షరాలు ఎక్కడికీ పోలేదు. ఇప్పుడు లోపలున్నది ఆయన. అల్లుడు తండ్రి పక్కన కాదు, పెళ్ళాం పక్కన నిలబడ్డాడు. ఇద్దరూ కొట్టు పైగదికి మారారు. దర్జీ నిన్న మొదటిసారి నోరు తెరిచి ఏమన్నాడో తెలుసా? "కొలత మాత్రం నిజమే."

గరగరని శుక్రవారం జడ్జి వదిలేశాడు. నేనూ, నీ మొగుడూ గేటు దగ్గర నిలబడ్డాం. దారి పొడుగునా మాటలు కూర్చుకున్నాను. ముప్ఫై ఏళ్ళు మాటలు పేర్చినదాన్ని, అతను ఎదురుగా వచ్చేసరికి రెండే మిగిలాయి. చేతులు జోడించాను. "తప్పు నాది" అన్నాను. "అద్దంలో చూసి చెప్పాను. తల తిప్పలేదు."

అతను నా వైపు చూశాడు. కోపముంది ఆ చూపులో, ఉండాలి కూడా. "ముప్ఫై ఒక్క రోజులమ్మా" అన్నాడు. "గోడ మీద రోజులు లెక్కపెట్టుకుంటూ కూర్చున్నాను. మాకోసం పోలీసుల్ని తిట్టే తల్లి మీరే నన్ను పట్టిస్తే ఇంకెవరు విడిపిస్తారు అనుకున్నాను." అప్పుడు, "మీ కాగితాలు కోసే కత్తికి నెలరోజులుగా సాన ఎవరు పట్టారు?" అన్నాడు. ఎవరూ పట్టలేదన్నాను. "అనుకున్నా. మొద్దుబారి ఉంటుంది. పదండి" అని ముందు నడిచాడు. మేం గేటు దాకా తెచ్చిన అతని బండి తోస్తానని నీ మొగుడు పోయాడు. పది అడుగులకి చక్రం ఊడగొట్టాడు. గరగర నవ్వాడు, నడిరోడ్డు మీద, ముప్ఫై ఒక్క రోజుల నవ్వు ఒక్కసారే.

కత్తి పదునుపెట్టాక అద్దం తీసేస్తానన్నాను. "ఎందుకు? మంచి అద్దం. ఉంచండి" అన్నాడు. "నేను కనిపించినప్పుడు మాత్రం తల తిప్పండి."

అద్దం ఉంచాను. బల్ల తిప్పేశాను. ఇప్పుడు వీధికి ఎదురుగా కూర్చుంటున్నాను. పనేం సాగట్లేదు. పోయేవాడూ వచ్చేవాడూ ఆగి పలకరిస్తున్నారు, నేను జవాబు చెబుతున్నాను. పుస్తకం ఆలస్యమైతే పైవాళ్ళకి ఆ మాటే రాయి.

ఇంకా "ఏ ఊరు" ప్రశ్నకి నువ్వు మూడుసార్లు రాసి చింపిన జవాబుంది కదా. మొదటి ముక్క గరగరే చెప్పాడు, రెండోది నేను కలిపి పేర్చేశాను. పేజీ ఇరవై. నీ పైవాళ్ళు కొట్టేస్తే ఊరుకోను. "పోలీసు ఏ ఊరని అడిగితే ఏం చెప్పాలి?" జవాబు: "ఈ వీధి అని చెప్పండి. మమ్మల్ని అడగమనండి." కింద మా వీధిలో ఇరవై రెండుమంది సంతకాలున్నాయి. దర్జీది ఉంది, ఆయన కూతురిది ఉంది.

మొదటి సంతకం నాది.

మీ వదిన